ఐకాన్ ఇక్కడే ఉంది, మరి గేమ్ ఎక్కడుంది?

(నల్లగొండలో కాలేజీ విద్యార్థులు, వాళ్ల తల్లిదండ్రులతో ఒక కంప్యూటర్ సర్వీసింగ్ టెక్నీషియన్ చేసిన ప్రసంగం)

అందరికీ నమస్కారం. ముందు కూర్చున్న పెద్దలకు, వెనక నిలబడ్డ తమ్ముళ్లకు, చెల్లెళ్లకు కూడా.

మా షాపుకు కంప్యూటర్ పట్టుకొచ్చే పిల్లలు ఎక్కువగా చెప్పే మాట ఒకటుంది: "అన్నా, సి డ్రైవ్ ఎర్రగా అయింది." డ్రైవ్ నిండిపోతే దాని కింద గీత ఎర్రబడుతుంది కదా, అదన్నమాట. ఏమేం గేమ్స్ ఉన్నయ్ తమ్మీ అని అడిగితే గడగడా చెప్తారు. ఎక్కడున్నయ్ అంటే మాత్రం వేలు డెస్క్‌టాప్ మీదికి పోతుంది. "ఇగో, ఇక్కడనే ఉంది కదన్నా!"

అక్కడున్నది గేమ్ కాదు. మన పానగల్లు ఛాయా సోమేశ్వరాలయం మీలో చాలామంది చూసే ఉంటారు. గర్భగుడిలో లింగం మీద స్తంభం నీడ పగలంతా కదలకుండా నిలబడి ఉంటుంది. ఆ నీడ ఏ స్తంభానిదని వెతికితే మాత్రం ఎదురుగా ఒక్కటీ కనబడదు. డెస్క్‌టాప్ ఐకాన్ కూడా అలాంటి నీడే. ఒకటి రెండు కిలోబైట్ల చిన్న ఫైల్, దీన్నే షార్ట్‌కట్ అంటారు. దాన్ని డిలీట్ చేస్తే గేమ్ పోదు, సి డ్రైవ్‌లో జాగా పెరగదు. దాన్ని పెన్‌డ్రైవ్‌లో కాపీ చేసుకుంటే గేమ్ వెంట రాదు. హైదరాబాద్ హాస్టల్‌కు పోతూ ఐకాన్లన్నీ పెన్‌డ్రైవ్‌లో వేసుకుని, అక్కడ ఏదీ తెరుచుకోక ఫోన్ చేసిన పిల్లలు ఉన్నారు. వాళ్లను తప్పు పట్టను. ఎవరూ చెప్పలేదు, అంతే.

ఈ సంగతి ఇప్పుడే ఎందుకు మాట్లాడుతున్నానంటే, 2025 అక్టోబర్ 14తో విండోస్ 10కి మామూలు సపోర్ట్ ముగిసింది. చాలా ఇళ్లలో విండోస్ 11 వేయించుకుంటున్నారు. వేసేటప్పుడు ఫార్మాట్ కొడతారు, అంటే సి డ్రైవ్‌లో ఉన్నదంతా తుడిచేస్తారు. "ఫొటోలు, డాక్యుమెంట్లు డి డ్రైవ్‌లో పెట్టినం, ఇంకేం లేదు, కొట్టేయండి" అంటారు తల్లిదండ్రులు. పక్కన నిలబడ్డ పిల్లవాడికి కూడా తన గేమ్ ఎక్కడుందో తెలియదు కాబట్టి ఏమీ అనడు.

ఆ పిల్లవాడు పోగొట్టుకునేది ఏంటో కొంచెం వివరంగా చెప్తాను. నాకు తెలిసిన ఒక అబ్బాయి, మన జిల్లావాడే, మైన్‌క్రాఫ్ట్ అనే, దిమ్మలు పేర్చి కట్టుకునే ఆట ఆడతాడు. ఎనిమిదో తరగతి నుంచి ఒకటే ప్రపంచం కట్టుకుంటూ వచ్చాడు. నాగార్జున సాగర్ డ్యామ్ కట్టాడు, క్రస్ట్ గేట్లతో సహా. కింద కాలువలు, పక్కన వాళ్ల ఊరు, ఊళ్లో వాళ్ల ఇల్లు. వేరే ఊళ్లో ఒక షాపులో ఫార్మాట్ చేయించారు. ఇంటికొచ్చి గేమ్ మళ్లీ ఇన్‌స్టాల్ చేసుకున్నాడు, గేమ్ వచ్చింది. డ్యామ్ రాలేదు. గేమ్ ఇంటర్నెట్ నుంచి ఎన్నిసార్లయినా వస్తుంది. వాడు కట్టిన డ్యామ్ మాత్రం ఆ ఒక్క కంప్యూటర్‌లో, ఒక్క ఫోల్డర్‌లో మాత్రమే ఉండేది. వాళ్లమ్మ నాతో, "గేమే కదా సార్, అంత ఏడుస్తున్నడేంది" అన్నారు. అమ్మా, వాడు ఏడ్చింది గేమ్ కోసం కాదు, సొంతంగా చేసుకున్న పని పోయిందని.

అందుకని ఇవాళ రెండు వేర్వేరు జాగాల గురించి మాట్లాడుకుందాం. గేమ్ ఉండే జాగా ఒకటి. మీరు ఆడింది దాచుకునే జాగా ఇంకొకటి. ఈ రెండూ ఒకేచోట ఉండటం ఈ రోజుల్లో తక్కువ.

ముందు గేమ్ సంగతి. అన్నిటికంటే తేలిక దారి, ఐకాన్ మీద రైట్ క్లిక్ చేసి ఓపెన్ ఫైల్ లొకేషన్ నొక్కడం. పాత గేమ్స్‌కు, సెటప్‌తో వేసుకున్నవాటికి ఇది చాలు. స్టార్ట్ మెనూ నుంచి చేస్తే మొదట ఇంకో షార్ట్‌కట్ దగ్గరికి తీసుకెళ్తుంది. దాని మీద మళ్లీ రైట్ క్లిక్ చేసి అదే నొక్కితే అసలు చోటికి పోతారు.

స్టీమ్ అంటే గేమ్స్ కొని దించుకునే యాప్. దాంట్లోంచి వచ్చిన గేమ్‌కు ఇది పనిచేయదు. తెర మీద చూడండి, ఈ ఐకాన్ ప్రాపర్టీస్ తెరిచాను. ఫోల్డర్ దారి ఉండాల్సిన చోట వెబ్ అడ్రస్ లాంటిది ఉంది, చివర ఒక నంబర్. అది స్టీమ్‌కు చెప్పే కబురు, ఫలానా నంబర్ గేమ్ తెరువు అని. కాబట్టి స్టీమ్ తెరిచి, లైబ్రరీలో గేమ్ పేరు మీద రైట్ క్లిక్, మేనేజ్, బ్రౌజ్ లోకల్ ఫైల్స్. అదిగో, తెరుచుకుంది. మామూలుగా సి డ్రైవ్‌లో ప్రోగ్రామ్ ఫైల్స్ ఎక్స్86, అందులో స్టీమ్, అందులో స్టీమ్‌యాప్స్, అందులో కామన్. కామన్‌లో ఒక్కో గేమ్‌కు ఒక్కో ఫోల్డర్. ఇన్‌స్టాల్ చేసేటప్పుడు డి డ్రైవ్ ఎంచుకుని ఉంటే అక్కడ స్టీమ్‌లైబ్రరీ అనే ఫోల్డర్ ఉంటుంది, లోపల మళ్లీ స్టీమ్‌యాప్స్, కామన్.

ఫోల్డర్ పేరూ గేమ్ పేరూ ఒకటే ఉండాలని లేదు, ఇది గుర్తుంచుకోండి. కౌంటర్ స్ట్రైక్ 2 మీలో చాలామంది ఆడతారు. కామన్‌లోకి వెళ్లి ఆ పేరుతో వెతికితే దొరకదు. 2023లో అది పాత ఆట మీదికే అప్‌డేట్‌గా వచ్చింది కాబట్టి ఫోల్డర్ ఇప్పటికీ కౌంటర్ స్ట్రైక్ గ్లోబల్ అఫెన్సివ్ అనే ఉంటుంది. అది పాతది కదా అని డిలీట్ కొట్టారంటే 85 జీబీ వరకు మళ్లీ డౌన్‌లోడ్ చేసుకోవాలి.

మిగతావి త్వరగా చెప్పేస్తాను. స్టీమ్ లాంటిదే ఎపిక్, అందులో గేమ్ పక్కన మూడు చుక్కలు, మేనేజ్, అక్కడ ఇన్‌స్టాలేషన్ పక్కన ఫోల్డర్ బొమ్మ. సాధారణంగా సి డ్రైవ్, ప్రోగ్రామ్ ఫైల్స్, ఎపిక్ గేమ్స్. వాలరెంట్ ఆట అయితే సి డ్రైవ్‌లో నేరుగా రయట్ గేమ్స్ అనే ఫోల్డర్ ఉంటుంది. మోసం చేసి ఆడేవాళ్లను పట్టుకునే దాని యాంటీ చీట్ ప్రోగ్రామ్ వ్యాన్‌గార్డ్ మాత్రం వేరేగా ప్రోగ్రామ్ ఫైల్స్‌లో ఉంటుంది. ఆటను డి డ్రైవ్‌లో వేసుకున్నా అది సి లోనే ఉంటుంది. ఎక్స్‌బాక్స్ యాప్ నుంచి వేసుకున్నవి ఇప్పుడు ఎక్స్‌బాక్స్‌గేమ్స్ అనే ఫోల్డర్‌లోకి వస్తాయి. పాతవి కొన్ని విండోస్‌యాప్స్ అనే ఫోల్డర్‌లో ఉంటాయి, దానికి విండోస్ తాళం వేసి ఉంచుతుంది. ఓనర్‌షిప్ మార్చి ఆ తాళం తీయడం ఎలాగో చూపించే వీడియోలు బోలెడున్నాయి. దయచేసి చేయకండి. స్టోర్ నుంచి వచ్చిన మామూలు యాప్స్ కూడా అక్కడే ఉంటాయి, పర్మిషన్లు చెడితే అవి తెరుచుకోవడం మానేస్తాయి.

ఇంకొక దారుంది, నాకు బాగా ఇష్టమైనది. గేమ్ ఏ కంపెనీదైనా, ఎవరు వేసిచ్చినా పనికొస్తుంది. గేమ్ తెరిచి ఉంచండి. ఆల్ట్, ట్యాబ్ నొక్కి బయటికి రండి. కంట్రోల్, షిఫ్ట్, ఎస్కేప్ మూడూ కలిపి నొక్కితే టాస్క్ మేనేజర్ వస్తుంది. అందులో గేమ్ పేరు మీద రైట్ క్లిక్, ఓపెన్ ఫైల్ లొకేషన్. ప్రస్తుతం నడుస్తున్న ఫైల్ ఉన్న చోటుకే తీసుకెళ్తుంది కాబట్టి మోసం ఉండదు. అయితే అన్‌రియల్ ఇంజిన్ అనే, ఆటలు తయారు చేసే సాఫ్ట్‌వేర్‌తో చేసిన ఆటల్లో మీరు విన్64 అనే ఫోల్డర్‌లో తేలతారు, దాని పైన బైనరీస్ అని ఉంటుంది. కంగారు పడొద్దు, ఇల్లు దాటి వంటింట్లోకి వచ్చారంతే. పైన అడ్రస్ బార్‌లో రెండు మూడు మెట్లు వెనక్కి పోతే అసలు ఫోల్డర్ కనిపిస్తుంది.

ఇక క్రికెట్ 07. నవ్వకండి, 2006లో వచ్చిన ఆట ఇప్పటికీ మన జిల్లాలో ఎన్ని ఇళ్లలో ఉందో నాకు తెలుసు. ఐపీఎల్ ప్యాచ్ వేయాలి అన్నా, ఎక్కడ పేస్ట్ చేయాలి అని అడుగుతారు. ప్యాచ్ అంటే ఆటలో కొత్త టీమ్‌లు, జెర్సీలు కలిపే ఫైళ్లు. జెర్సీలు, స్టేడియాల ఫైళ్లు గేమ్ ఫోల్డర్‌లో పడాలి, అంటే ప్రోగ్రామ్ ఫైల్స్ ఎక్స్86లో ఈఏ స్పోర్ట్స్ లోపల. టీమ్ రోస్టర్, అంటే ఆటగాళ్ల జాబితా ఫైల్ మాత్రం డాక్యుమెంట్స్‌లో క్రికెట్ 07 పేరుతో ఉండే ఫోల్డర్‌లో పడాలి. చాలామంది రెండూ ఒకేచోట పేస్ట్ చేసి, ప్యాచ్ పనిచేయట్లేదు అంటారు. పేస్ట్ చేసే ముందు ఆ ఫోల్డర్‌ను ఒకసారి పక్కన కాపీ చేసి పెట్టుకోండి. ఏదైనా తేడా కొడితే పాతది వెనక్కి పెట్టేయొచ్చు.

ఇప్పుడు రెండో జాగా. మనం దాచుకున్నది ఎక్కడుంటుంది?

విండోస్ ఎక్స్‌పీ రోజుల్లో చాలా ఆటలు సేవ్ ఫైల్‌ను, అంటే మీరు ఎంతవరకు ఆడారో దాచే ఫైల్‌ను, తమ సొంత ఫోల్డర్‌లోనే రాసుకునేవి. ఫోల్డర్ కాపీ చేస్తే అన్నీ వచ్చేసేవి. 2007లో దాని తర్వాతి విండోస్ విస్టా వచ్చాక, మామూలు ప్రోగ్రాములు ప్రోగ్రామ్ ఫైల్స్‌లో ఏదీ రాయకుండా మైక్రోసాఫ్ట్ కట్టడి చేసింది. వైరస్‌లు ప్రోగ్రాముల లోపలికి దూరకుండా అది మంచి పనే. కానీ పాత ఆటలు అలవాటు ప్రకారం అక్కడే రాయబోతాయి. అప్పుడు విండోస్ వాటితో గొడవ పడకుండా, ఆ ఫైల్‌ను చప్పుడు చేయకుండా వర్చువల్‌స్టోర్ అనే వేరే ఫోల్డర్‌లో పెడుతుంది. ఆటలోకి వెళ్తే సేవ్ కనిపిస్తుంది, ఫోల్డర్ తెరిస్తే కనిపించదు. చాలా పాత ఆట సేవ్ దొరక్కపోతే అక్కడ చూడండి. యాప్‌డేటాలో లోకల్, అందులో వర్చువల్‌స్టోర్.

యాప్‌డేటా అన్నాను కదా. సి డ్రైవ్‌లో యూజర్స్, అందులో మీ పేరు, అందులో ఉంటుంది. మామూలుగా కనిపించదు, దాచి ఉంచుతారు. విండోస్ 11లో అయితే వ్యూ, షో, హిడెన్ ఐటమ్స్ మీద టిక్ పెడితే కొంచెం మసకగా కనిపిస్తుంది. లేదా విండోస్ కీ, ఆర్ నొక్కి, పర్సెంట్ గుర్తు, యాప్‌డేటా, మళ్లీ పర్సెంట్ గుర్తు, మధ్యలో ఖాళీ లేకుండా ఇంగ్లిష్‌లో టైప్ చేసి ఎంటర్ కొట్టండి. నేరుగా రోమింగ్‌లో దిగుతారు. ఒక మెట్టు పైకి వస్తే లోకల్, లోకల్‌లో, రోమింగ్ మూడూ కనిపిస్తాయి. లోకల్‌లో అంటే లోకల్ పక్కన ఎల్ఓడబ్ల్యూ అక్షరాలు కలిపిన ఫోల్డర్. యూనిటీ అనే ఇంకో ఇంజిన్‌తో చేసిన ఆటలు ఎక్కువగా అందులో దాచుకుంటాయి.

మైన్‌క్రాఫ్ట్ జావా ఎడిషన్ అయితే రోమింగ్‌లో చుక్కతో మొదలయ్యే మైన్‌క్రాఫ్ట్ అనే ఫోల్డర్, అందులో సేవ్స్. నా కంప్యూటర్‌లో చూపిస్తున్నాను, చూడండి. ఒక్కో ప్రపంచానికి ఒక్కో ఫోల్డర్. లోపల లెవెల్ డాట్ డీఏటీ అని ఫైల్ ఉంది, ఇంకా రీజియన్ ఫోల్డర్ ఉంది. మీరు కట్టిన ప్రతి ఇటుకా ఆ రీజియన్‌లోనే ఉంటుంది. ఈ మొత్తం ఫోల్డర్‌ను పెన్‌డ్రైవ్‌లో వేసుకుని కొత్త కంప్యూటర్‌లో అదే సేవ్స్‌లో పెడితే మీ ప్రపంచం మీకు వచ్చేస్తుంది. ఆ అబ్బాయి డ్యామ్ ఒక చిన్న పెన్‌డ్రైవ్‌లో పట్టేది.

వైస్ సిటీ అయితే డాక్యుమెంట్స్‌లో జీటీఏ వైస్ సిటీ యూజర్ ఫైల్స్. శాన్ ఆండ్రియాస్‌కు కూడా అలాగే దాని పేరుతో ఉంటుంది. జీటీఏ 5 డాక్యుమెంట్స్‌లో రాక్‌స్టార్ గేమ్స్ కింద. టెరారియా, స్కైరిమ్ లాంటివి డాక్యుమెంట్స్‌లో మై గేమ్స్ అనే ఫోల్డర్‌లో. ఎల్డెన్ రింగ్ రోమింగ్‌లో తన పేరుతోనే. ఒక్కో ఆటది ఒక్కో తీరు, అన్నీ గుర్తుపెట్టుకోనక్కర్లేదు. పీసీ గేమింగ్ వికీ అనే సైట్‌లో ఆట పేరు కొడితే సేవ్ ఎక్కడుంటుందో రాసి ఉంటుంది.

డాక్యుమెంట్స్ అన్నప్పుడు ఒక చిక్కుంది. కొత్త ల్యాప్‌టాప్‌లలో వన్‌డ్రైవ్ బ్యాకప్, అంటే ఫైళ్లను ఇంటర్నెట్‌లో దాచే మైక్రోసాఫ్ట్ ఏర్పాటు, ఆన్ అయి ఉంటే, మీ డాక్యుమెంట్స్ అసలు చోటు వన్‌డ్రైవ్ ఫోల్డర్ లోపలికి మారిపోయి ఉంటుంది. మీరు యూజర్స్‌లో మీ పేరు కింద వెతికితే ఖాళీగా కనిపించొచ్చు. అలాగే ఉచితంగా ఇచ్చే జాగా 5 జీబీ మాత్రమే. అది నిండితే కొత్త సేవ్‌లు పైకి పోవు. క్లౌడ్‌లో ఉందిలే అనుకుని ధీమాగా ఉంటే లాభం లేదు. స్టీమ్ క్లౌడ్ కూడా అంతే. అన్ని ఆటలకూ ఉండదు, గేమ్ ప్రాపర్టీస్‌లో చూసుకోండి. వాలరెంట్, కౌంటర్ స్ట్రైక్ లాంటి ఆన్‌లైన్ ఆటల్లో మీ ర్యాంకు కంపెనీ సర్వర్‌లోనే ఉంటుంది, వాటికి ఈ టెన్షన్ లేదు.

ఇప్పటికే విండోస్ మళ్లీ వేసేశారా? వెంటనే ఆశ వదులుకోకండి. సి డ్రైవ్‌లో విండోస్ డాట్ ఓల్డ్ అనే ఫోల్డర్ ఉందేమో చూడండి. డ్రైవ్‌ను పూర్తిగా తుడవకుండా విండోస్ వేస్తే పాతదంతా అందులోకి పోతుంది. దాంట్లో యూజర్స్, మీ పాత పేరు, యాప్‌డేటా. అక్కడ మీ సేవ్స్ అలాగే ఉండొచ్చు. కానీ అప్‌గ్రేడ్ చేసిన 10 రోజులకు విండోస్ దాన్ని దానంతటదే తీసేస్తుంది. కాబట్టి ఆ రోజే చూడండి, సెలవుల్లో చూద్దాం అనుకోవద్దు.

జాగా సంగతికి వస్తాను. 256 జీబీ ఎస్ఎస్‌డీ కొంటే విండోస్‌లో 238 జీబీగా కనిపిస్తుంది. అది షాపువాళ్ల మోసం కాదు, లెక్క కట్టే పద్ధతిలో తేడా. రెడ్ డెడ్ రిడెంప్షన్ 2 ఒక్కదానికే 150 జీబీ కావాలి. అందుకని ఆటను డి డ్రైవ్‌కు మార్చాలి. కట్ చేసి పేస్ట్ చేయకండి. స్టీమ్‌కు ఆ సంగతి తెలియదు, ఆట లేదనుకుని ఇన్‌స్టాల్ అని చూపిస్తుంది. ప్రాపర్టీస్‌లో ఇన్‌స్టాల్డ్ ఫైల్స్, మూవ్ ఇన్‌స్టాల్ ఫోల్డర్ అని ఉంది, దాంతో మార్చండి. ఆటను తీసేయాలన్నా అన్‌ఇన్‌స్టాల్‌తోనే తీయండి. ఫోల్డర్ డిలీట్ చేస్తే జాబితాలో పేరు మిగిలిపోయి తర్వాత చికాకు పెడుతుంది.

స్నేహితుడి దగ్గర ఆట ఉంది, మీ దగ్గర డేటా తక్కువ. అలాంటప్పుడు, మీ అకౌంట్‌లో కూడా ఆ ఆట ఉంటే, వాడి కామన్ ఫోల్డర్‌లో నుంచి ఆట ఫోల్డర్ కాపీ చేసుకుని మీ కామన్‌లో అదే పేరుతో పెట్టండి. తర్వాత స్టీమ్‌లో ఇన్‌స్టాల్ నొక్కితే ఉన్న ఫైళ్లను సరిచూసుకుని, లేనివి మాత్రమే డౌన్‌లోడ్ చేస్తుంది. 2023 నుంచి ఒకే వైఫైలో ఉన్న రెండు కంప్యూటర్ల మధ్య స్టీమే స్వయంగా కాపీ చేసే ఏర్పాటు కూడా ఉంది. హాస్టల్ గదిలో నలుగురుంటే ఇది చాలా మేలు. పెన్‌డ్రైవ్‌తో చేస్తే ఒక్కటి చూసుకోండి. 20 జీబీ ఖాళీ కనిపిస్తూనే ఉంటుంది, ఫైల్ చాలా పెద్దది అని కాపీ ఆగిపోతుంది. ఆ పెన్‌డ్రైవ్ ఫ్యాట్32లో ఉందన్నమాట, 4 జీబీ దాటిన ఒక్క ఫైల్‌ను కూడా అది తీసుకోదు. ఎక్స్‌ఫ్యాట్‌కు మార్చుకోవాలి. మారిస్తే అందులో ఉన్నవన్నీ పోతాయి, ముందే తీసి పెట్టుకోండి.

క్రాక్ చేసిన ఆటల గురించి, అంటే డబ్బు కట్టకుండా తాళం పగలగొట్టి ఇచ్చే ఆటల గురించి కూడా చెప్పాలి. అవి ఎక్కడ పడితే అక్కడ ఇన్‌స్టాల్ అవుతాయి. వేసేముందు విండోస్‌లో వైరస్‌లకు కాపలా ఉండే డిఫెండర్‌ను ఆపేయమంటాయి. నా మాట వినండి, ఆపమని అడిగిన దాన్ని వేయకండి. బ్రౌజర్‌లో దాచిన పాస్‌వర్డులు దొంగిలించే ప్రోగ్రాములు ఆ దారిలోనే లోపలికి వస్తాయి. అదే కంప్యూటర్‌లో మీ నాన్న బ్యాంకు పని చేసుకుంటాడు.

ప్రశ్నలు ఉంటే అడగండి. అక్కడ అమ్మ చెయ్యి ఎత్తారు.

"సార్, మా వాడు లేనప్పుడు ఏది ఎంత జాగా తింటుందో నేను ఎట్ల తెలుసుకోవాలె?"

మంచి ప్రశ్న అమ్మా. సెట్టింగ్స్ తెరిచి, యాప్స్, ఇన్‌స్టాల్డ్ యాప్స్‌లోకి వెళ్లండి. పైన సార్ట్ బై అని ఉన్నచోట సైజ్ ఎంచుకుంటే పెద్దవి పైకి వస్తాయి. కొన్ని ఆటలకు సైజ్ చూపించదు. అప్పుడు ఆ ఫోల్డర్ మీద రైట్ క్లిక్ చేసి ప్రాపర్టీస్ చూస్తే సరైన లెక్క వస్తుంది. చూడండి, కానీ బాబు లేకుండా ఏదీ తీసేయకండి. వాణ్ని పక్కన కూర్చోబెట్టుకుని, వాడి సేవ్ ఫోల్డర్ కాపీ చేశాకే తీయండి.

వెనక తమ్ముడు అడుగుతున్నాడు. "అన్నా, నేను బ్లూస్టాక్స్‌ల ఫ్రీ ఫైర్ ఆడ్త. ఆ ఫైళ్లు ఎంత దేవులాడినా దొరుకుతలేవు."

దొరకవు తమ్మీ. అది విండోస్ ఆట కాదు. బ్లూస్టాక్స్ నీ కంప్యూటర్ లోపల ఒక ఆండ్రాయిడ్ ఫోన్‌ను నడుపుతుంది, ఆ ఫోన్ మొత్తం ఒకటి రెండు పెద్ద డిస్క్ ఫైళ్లుగా ఉంటుంది. సి డ్రైవ్‌లో ప్రోగ్రామ్‌డేటా, అది కూడా దాచి ఉంటుంది, అందులో బ్లూస్టాక్స్ పేరుతో ఫోల్డర్ చూడు. ఫ్రీ ఫైర్ ఆ డిస్క్ లోపల ఉంటుంది కాబట్టి విడిగా కనిపించదు. లోపల ఆట తీసేసినా ఒక్కోసారి ఆ డిస్క్ ఫైల్ చిన్నది కాదు. బ్లూస్టాక్స్‌లోనే డిస్క్ క్లీనప్ అని ఉంటుంది, అది నడుపు. నీ ఫ్రీ ఫైర్ లెవెల్ అకౌంట్‌లో ఉంటుంది, దానికేం కాదు. గెస్ట్‌గా ఆడుతుంటే మాత్రం ఈ రాత్రే గూగుల్ అకౌంట్‌తో కలుపుకో. కలపకుండా బ్లూస్టాక్స్ తీసేస్తే ఆ గెస్ట్ అకౌంట్ మళ్లీ చేతికి రావడం చాలా కష్టం.